యూనివర్సిటీ టీచింగ్ పోస్టుల అర్హత వివాదాలు: 2009 ముందు పీహెచ్‌డీ, సబ్జెక్టు ఈక్వివలెన్స్, కటాఫ్ తేదీ

విజయనగరం_రీసెర్చర్

అందరికీ నమస్కారం. ఒక స్టేట్ యూనివర్సిటీ అసిస్టెంట్ ప్రొఫెసర్ నోటిఫికేషన్ విషయంలో సలహా కావాలి. అభ్యర్థి పీహెచ్‌డీ రిజిస్ట్రేషన్ 2008 జనవరిలో, డిగ్రీ 2012 నవంబరులో. నెట్ (జాతీయ అర్హత పరీక్ష) లేదు, సెట్ (రాష్ట్ర అర్హత పరీక్ష) లేదు. స్క్రూటినీ లిస్టులో పేరు పక్కన ‘నాట్ ఎలిజిబుల్, నెట్/సెట్ లేదు’ అని పెట్టారు. అభ్యంతరాలకు ఐదు రోజులే గడువు. నెట్ మినహాయింపుకు కావాల్సిన ఐదు షరతులు తీరాయని రిజిస్ట్రార్ లేదా డీన్ ఇచ్చే సర్టిఫికెట్ ఉంది కానీ దాని మీది తేదీ అప్లికేషన్ చివరి తేదీకి పది రోజుల తర్వాతది. అదే పోస్టుకు ఎలిజిబుల్ లిస్టులో ఉన్న మరొకరి పీజీ వేరే సబ్జెక్టులో ఉంది. రెండు విషయాల్లోనూ కేసు నిలబడుతుందా?

లైబ్రరీ_మెట్లు

2009 జులై 11కి ముందు రిజిస్టర్ అయితే నెట్ అక్కర్లేదు కదండీ. అలహాబాద్ హైకోర్టు ఎప్పుడో చెప్పింది. స్క్రూటినీ కమిటీకి రూల్స్ తెలియకపోతే అభ్యర్థి ఏం చేస్తాడు? డైరెక్టుగా హైకోర్టులో రిట్ పిటిషన్ వేయించండి.

కేసుకట్ట

లైబ్రరీ_మెట్లు గారూ, ఆ అలహాబాద్ తీర్పును పట్టుకుని వెళ్తే మొదటి హియరింగులోనే ఇబ్బంది పడతారు. 2015 మార్చి 16న పి.సుశీల వర్సెస్ యూజీసీ (యూనివర్సిటీ గ్రాంట్స్ కమిషన్) కేసులో సుప్రీంకోర్టు ఆ అభిప్రాయాన్ని పక్కన పెట్టేసింది. పాత పీహెచ్‌డీ, ఎంఫిల్ వాళ్లకు నెట్ మినహాయింపు హక్కుగా రాదు, లెజిటిమేట్ ఎక్స్‌పెక్టేషన్ (న్యాయంగా ఆశించే వీలు) కూడా లేదు, అర్హతల స్థాయి పెంచే అధికారం యూజీసీకి ఉంది అన్నది ఆ తీర్పు సారం.

ఆ తర్వాత మినహాయింపు తిరిగి వచ్చింది కోర్టు ద్వారా కాదు, యూజీసీ సవరణ ద్వారా. 2010 రెగ్యులేషన్స్‌కు 2016 జులై 11న చేసిన నాలుగో సవరణలో ఐదు షరతులు పెట్టారు. 2018 రెగ్యులేషన్స్‌లోనూ అవే కొనసాగాయి:

పీహెచ్‌డీ రెగ్యులర్ మోడ్‌లో వచ్చి ఉండాలి. థీసిస్‌ను కనీసం ఇద్దరు బయటి ఎగ్జామినర్లు దిద్ది ఉండాలి. ఓపెన్ వైవా జరిగి ఉండాలి. పీహెచ్‌డీ పని నుంచి రెండు పేపర్లు అచ్చయి, అందులో ఒకటైనా రిఫరీడ్ జర్నల్‌లో ఉండాలి. ఆ పని మీదే సెమినార్లలో కనీసం రెండు పేపర్లు సమర్పించి ఉండాలి.

‘2009 ముందు రిజిస్ట్రేషన్’ గేటు మాత్రమే. ఈ ఐదూ దాటితేనే లోపలికి. కాబట్టి రిట్‌లో ‘నాకు నెట్ అక్కర్లేదు’ అని రాయకూడదు. ‘ఐదు షరతులూ తీరాయి, వాటిని పరిశీలించకుండానే తిరస్కరించారు’ అని రాయాలి. మొదటిది సుశీల తీర్పుకు ఎదురు వెళ్తుంది, రెండోది రెగ్యులేషన్ మీదే నిలబడుతుంది.

ఎస్టాబ్లిష్‌మెంట్_ఫైలు

ఆ సర్టిఫికెట్ దగ్గరే సగం అప్లికేషన్లు పడిపోతాయి. ఏవి తిరస్కరిస్తారో చెప్తాను.

గైడ్ సంతకంతో తెచ్చేవి చెల్లవు. హెచ్ఓడీ సంతకమూ చెల్లదు. 2018 రెగ్యులేషన్స్ ప్రకారం డిగ్రీ ఇచ్చిన యూనివర్సిటీ రిజిస్ట్రార్ లేదా డీన్, అకడమిక్ అఫైర్స్ సర్టిఫై చేయాలి. ‘షరతులన్నీ నెరవేరాయి’ అని ఒక్క వాక్యంలో ఇచ్చే సర్టిఫికెట్‌ను కొన్ని కమిటీలు ఒప్పుకోవు. ఐదు వరుసలు, ఒక్కోదాని ఎదురుగా అవును/కాదు, రిజిస్ట్రేషన్ తేదీ, అవార్డు తేదీ, పేపర్ల శీర్షికలు, జర్నల్ పేరు, సంపుటి, నెల ఉంటే ప్రశ్నకు తావుండదు.

సెమినార్ షరతులో ఇంకో మెలిక ఉంది. 2018లో ‘యూజీసీ, ఐసీఎస్ఎస్ఆర్, సీఎస్ఐఆర్ లేదా అలాంటి సంస్థ స్పాన్సర్ చేసిన లేదా నిధులిచ్చిన సెమినార్’ అన్నారు. 2016 సవరణ చూసి ఇచ్చిన పాత సర్టిఫికెట్లలో ఈ మాట ఉండదు. సెమినార్ బ్రోషర్ మొదటి పేజీలో స్పాన్సర్ లోగో ఉంటుంది కదా, ఆ జిరాక్స్ జత చేస్తే సరిపోతుంది. దాన్ని పారేసిన వాళ్లు ప్రొసీడింగ్స్ పుస్తకం ముందుమాటలో వెతకండి, స్పాన్సర్లకు కృతజ్ఞతలు అక్కడ ఉంటాయి.

పేపర్ పీహెచ్‌డీ పని నుంచే రావాలి అన్నది ఇంకోటి. థీసిస్ ఏదో బ్యాంకింగ్ మీద, పేపర్ మాత్రం పర్యాటకం మీద ఉంటే రిజిస్ట్రార్ సంతకం ఉన్నా స్క్రూటినీలో ఆపుతారు.

విజయనగరం_రీసెర్చర్

సర్టిఫికెట్‌లో ఐదూ విడివిడిగానే ఉన్నాయండి, డీన్ సంతకమే. సమస్య తేదీ ఒక్కటే. చివరి తేదీ దాటాక తీసుకున్నది కాబట్టి చెల్లదంటున్నారు.

కేసుకట్ట

ఇక్కడ రెండు వేర్వేరు విషయాల్ని యూనివర్సిటీ కలిపేస్తోంది. అర్హత ఎప్పుడు సంపాదించారు అన్నది ఒకటి. దాని రుజువు ఎప్పుడు చూపారు అన్నది ఇంకొకటి.

అర్హతకు కటాఫ్ ఖాయం. రేఖా చతుర్వేది వర్సెస్ రాజస్థాన్ యూనివర్సిటీ కేసు అసిస్టెంట్ ప్రొఫెసర్ల ఎంపికదే. అప్లికేషన్ చివరి తేదీ నాటికి అర్హత ఉండాలి, ఇంటర్వ్యూ నాటికి వస్తే కుదరదు అని తేల్చారు. 1997 నాటి అశోక్ కుమార్ శర్మ వర్సెస్ చందర్ శేఖర్ కూడా అదే. భూపిందర్‌పాల్ సింగ్ కేసులో, 2000లో, వరుస కూడా చెప్పారు: రూల్స్‌లో తేదీ ఉంటే అది, లేకపోతే నోటిఫికేషన్‌లోని తేదీ, అదీ లేకపోతే అప్లికేషన్లకు చివరి తేదీ.

రుజువు విషయంలో కోర్టులు కొంచెం మెత్తగా ఉంటాయి. చార్లెస్ స్కారియా, 1980. డాలీ ఛందా, 2005. రెండూ అడ్మిషన్ల కేసులే అయినా సూత్రం సర్వీసు కేసుల్లోనూ వాడతారు: అర్హత గడువులోపే ఉండి, దాన్ని చూపే కాగితం మాత్రం ఆలస్యమైతే అంత కఠినంగా చూడనక్కర్లేదు. మీ సందర్భంలో వైవా, పేపర్లు, సెమినార్లు అన్నీ 2012 నాటికే అయిపోయాయి. డీన్ సర్టిఫికెట్ కొత్త అర్హతేమీ ఇవ్వలేదు, ఉన్నదాన్ని నమోదు చేసింది.

కానీ నోటిఫికేషన్‌ను ఒకసారి మళ్లీ చదవండి. ‘నిర్ణీత ఫార్మాట్‌లో సర్టిఫికెట్ జతచేయని అప్లికేషన్లు తిరస్కరించబడతాయి’ అన్న వాక్యం ఉంటే కేసు బలం తగ్గుతుంది. పోదు, తగ్గుతుంది. ఆ వాక్యం లేకుండా ‘సర్టిఫికెట్ల పరిశీలన సమయంలో ఒరిజినల్స్ చూపాలి’ అని ఉంటే మీది గట్టి కేసు.

శ్రుతి_ఎకనామిక్స్

పీహెచ్‌డీ అవార్డు తేదీ గురించి కూడా చెప్పండి సార్. వైవా తేదీనా, ప్రొవిజనల్ తేదీనా, కాన్వొకేషన్ తేదీనా? కొత్తగా చేస్తున్న వాళ్లకు ఇదే పెద్ద గొడవ.

ఎస్టాబ్లిష్‌మెంట్_ఫైలు

కాన్వొకేషన్ కాదమ్మా. వైవా అయిన రోజు కూడా కాదు, ఆ రోజు బోర్డు సిఫార్సు మాత్రమే చేస్తుంది. ఆ రిపోర్టు ఎగ్జామినేషన్స్ బ్రాంచికి వెళ్లి, వీసీ ఆమోదం అయ్యాక, డిగ్రీ ప్రదానం చేసినట్టు ప్రొసీడింగ్స్ వస్తాయి. ప్రొవిజనల్ దాని ఆధారంగా ఇస్తారు. ప్రొవిజనల్ మీద ఉండే తేదీలు రెండు: కాగితం జారీ తేదీ ఒకటి, ‘ఫలానా తేదీ నుంచి డిగ్రీకి అర్హులు’ అన్న తేదీ ఒకటి. రెండోది ముఖ్యం. అందుకని ప్రొసీడింగ్స్ కాపీ దాచుకోండి. 2016 పీహెచ్‌డీ రెగ్యులేషన్స్ నుంచి, ప్రొవిజనల్‌లోనే ‘యూజీసీ రెగ్యులేషన్స్ ప్రకారం ఇచ్చిన డిగ్రీ’ అని రాయాల్సిన నియమం ఉంది. ఆ వాక్యం లేకుండా ఇస్తే కౌంటర్ దగ్గరే నిలబడి రాయించుకోండి, మూడేళ్ల తర్వాత వెళ్తే ఆ ఫైలు ఎవరి దగ్గరుందో కూడా చెప్పేవాళ్లు ఉండరు.

గెజిట్_పురుగు

అసలు ప్రశ్న ఎవరూ అడగట్లేదు. ఆ నోటిఫికేషన్ ఏ రెగ్యులేషన్ కింద వచ్చింది? 2018 జులై 18 రెగ్యులేషన్స్‌లో యూనివర్సిటీ డిపార్ట్‌మెంట్లలో అసిస్టెంట్ ప్రొఫెసర్‌కు 2021 జులై 1 నుంచి పీహెచ్‌డీ తప్పనిసరి అన్నారు. కోవిడ్ మీద దాన్ని 2023 జులై 1కి జరిపారు. ఆ తేదీ వచ్చేలోపే, 2023 జూన్ 30న 3.10 క్లాజు మార్చేసి, నెట్/సెట్/స్లెట్ కనీస అర్హత, పీహెచ్‌డీ ఐచ్ఛికం అన్నారు.

ఇప్పుడు కొందరు 3.10 ఒక్కటే చదివి ‘ఇక పీహెచ్‌డీ వాళ్లకు నెట్ మినహాయింపు లేదు’ అంటున్నారు. మారింది 3.10 మాత్రమే. పీహెచ్‌డీ వాళ్లకు మినహాయింపు ఇచ్చే 3.3లోని ప్రొవిజోలు (క్లాజుకు చేర్చిన మినహాయింపు వాక్యాలు), 4.1లోని అర్హతల వివరం అలాగే ఉన్నాయి. స్క్రూటినీ కమిటీ ఆ 3.10 పట్టుకునే కొట్టేసిందేమో, తిరస్కరణ ఆర్డరులో ఏ క్లాజు ఉదహరించారో చూడండి. 2025 జనవరిలో వచ్చిన కొత్త ముసాయిదా చూపించి వాదించే వాళ్లూ ఉన్నారు. ముసాయిదాతో ఎవరినీ అర్హులు చేయలేరు, అనర్హులూ చేయలేరు.

భాస్కర్_కెమిస్ట్రీ

స్టేట్ యూనివర్సిటీలకు యూజీసీ రెగ్యులేషన్ కట్టుబడి ఉండాలా అన్నదే తేలలేదు కదా. కల్యాణి మదివాణన్ కేసులో సుప్రీంకోర్టే స్టేట్ యూనివర్సిటీలకు అవి డైరెక్టరీ, అంటే సూచన మాత్రమే, తప్పనిసరి కాదు అంది.

కేసుకట్ట

పూర్తిగా చదవాలి భాస్కర్ గారూ. అది మదురై కామరాజ్ యూనివర్సిటీ వీసీ కేసు, 2015. కేంద్ర యూనివర్సిటీలకు తప్పనిసరి, రాష్ట్ర ప్రభుత్వం స్వీకరించనంతవరకు రాష్ట్ర యూనివర్సిటీలకు డైరెక్టరీ అన్నారు. ‘స్వీకరించనంతవరకు’ అన్న మాట వదిలేసి చదువుతున్నారు చాలామంది.

ఆ తర్వాత గాలి మారింది. 2022లో గంభీర్‌దాన్ గఢ్వీ కేసులో సర్దార్ పటేల్ యూనివర్సిటీ వీసీ నియామకం, అదే ఏడాది అక్టోబరులో శ్రీజిత్ కేసులో కేరళలోని ఏపీజే అబ్దుల్ కలామ్ టెక్నలాజికల్ యూనివర్సిటీ వీసీ నియామకం కొట్టేశారు. రాష్ట్ర చట్టానికీ యూజీసీ రెగ్యులేషన్‌కూ పొసగకపోతే రెగ్యులేషన్‌దే పైచేయి అన్నారు, 254వ అధికరణం ఆధారంగా. ఎందుకంటే ఉన్నత విద్యా ప్రమాణాల సమన్వయం కేంద్ర జాబితాలోని 66వ ఎంట్రీ. రాష్ట్రాలు ఆధారపడే విద్య ఎంట్రీ, ఉమ్మడి జాబితాలోని 25, దానికి లోబడే ఉంటుంది.

టీచింగ్ పోస్టుల్లో తాజాది పంజాబ్. 2025 జులైలో మన్‌దీప్ సింగ్ కేసులో 1,091 అసిస్టెంట్ ప్రొఫెసర్, 67 లైబ్రేరియన్ నియామకాలు రద్దయ్యాయి. పంజాబ్ 2010 రెగ్యులేషన్స్‌ను స్వీకరించి కూడా, అకడమిక్ రికార్డు, ఇంటర్వ్యూ లేకుండా ఒక్క ఆబ్జెక్టివ్ రాతపరీక్షతో ఎంపిక చేసింది. ఒప్పుకున్న పద్ధతిని ఎన్నికల ముందు హడావిడిగా పక్కనపెట్టడాన్ని కోర్టు తప్పుపట్టింది.

కాబట్టి మన రెండు రాష్ట్రాల్లో కూడా రిట్ వేసే ముందు చేయాల్సిన పని, స్వీకరిస్తూ ఇచ్చిన జీవో తీసుకుని ఏ క్లాజులు తీసుకున్నారు, ఏవి మార్చారు అని గీతలు గీసుకుని చదవడం. తర్వాత యూనివర్సిటీ ఎగ్జిక్యూటివ్ కౌన్సిల్ తీర్మానం. తర్వాత నోటిఫికేషన్. మూడూ పక్కపక్కన పెట్టుకుంటే వివాదం ఎక్కడుందో అక్కడే కనబడుతుంది.

శ్రుతి_ఎకనామిక్స్

రెండో ప్రశ్న మిగిలిపోయింది. వేరే సబ్జెక్టు పీజీ ఉన్న అభ్యర్థి సంగతి?

భాస్కర్_కెమిస్ట్రీ

దానికి సరిగ్గా సరిపోయేది గుల్బర్గా యూనివర్సిటీ కేసు, గణపత్ సింగ్ రాజ్‌పుత్. ఎంసీఏ లెక్చరర్ పోస్టు. ‘సంబంధిత సబ్జెక్టులో మాస్టర్స్’ అని అడిగారు. ఎంపికైన వ్యక్తిది ఎంఎస్సీ మ్యాథమెటిక్స్. ఎంసీఏ సిలబస్‌లో గణితం పేపర్లు ఉన్నాయి కదా అని యూనివర్సిటీ వాదన. సిలబస్‌లో ఒక పేపర్ ఉన్నంత మాత్రాన అది సంబంధిత సబ్జెక్టు అయిపోదని సుప్రీంకోర్టు నియామకాన్ని నిలబెట్టలేదు.

ఇప్పుడు ఎదుటి వాదన కూడా చూడండి. ఆనంద్ యాదవ్ కేసు, 2020, ఉత్తర్‌ప్రదేశ్. ఎడ్యుకేషన్ అసిస్టెంట్ ప్రొఫెసర్‌కు ఎంఏ ఎడ్యుకేషన్ బదులు ఎంఎడ్ ఒప్పుకోవచ్చా అని. నిపుణుల కమిటీ ఒప్పుకుంది, కోర్టు దాంట్లో తలదూర్చలేదు. అంటే కమిటీ రాసిన కారణం ఫైల్లో ఉందా లేదా అన్నదే తేడా.

కేసుకట్ట

బాగా చెప్పారు. నిపుణుల అభిప్రాయం అన్నది పిటిషనర్‌కు అడ్డుగోడ. 1963 నాటి మైసూరు యూనివర్సిటీ వర్సెస్ గోవిందరావు నుంచి 2010 నాటి బసవయ్య వర్సెస్ రమేశ్ దాకా కోర్టు మాట ఒకటే: విద్యా నిపుణుల బోర్డు చూసి అర్హులన్నాక మేం పై అధికారిలా కూర్చోం. ఈక్వివలెన్స్ విషయంలో మన రాష్ట్రం కేసే ఉంది, మహమ్మద్ షుజాత్ అలీ, 1975 రిపోర్టుల్లో. ఇంజినీరింగ్ సిబ్బంది గొడవ. ఒక డిగ్రీ మరోదానికి సమానమా అన్నది సాంకేతిక ప్రశ్న, దురుద్దేశమో, అసంబద్ధతో ఉంటే తప్ప ప్రభుత్వ నిర్ణయాన్ని కదపం అన్నారు. 2019 రిపోర్టుల్లోని జహూర్ అహ్మద్ రాథర్‌లో ఇంకా స్పష్టం: ఏది సమానమో తేల్చాల్సింది నియామక సంస్థ, కోర్టు కాదు.

ఈ గోడలో ఉండే ఒకే ఒక్క తలుపు, నిపుణులు అసలు ఆ ప్రశ్న వేసుకున్నారా అన్నది. బోర్డ్ ఆఫ్ స్టడీస్ తీర్మానం లేదు, ఈక్వివలెన్స్ కమిటీ లేదు, నోటిఫికేషన్‌లో ‘అలైడ్ సబ్జెక్టు’ (దగ్గరి సబ్జెక్టు) అన్న మాట కూడా లేదు, స్క్రూటినీ షీట్‌లో ఊరికే టిక్ ఉంది. అప్పుడు అది నిపుణుల నిర్ణయం కాదు, గుమాస్తా నిర్ణయం.

నోటిఫికేషన్‌లో లేని సడలింపును కొందరికే ఇవ్వకూడదనడానికి విజయనగరం కేసు ఒకటి ఎప్పుడూ పనికొస్తుంది. 1990, త్రిపుర సుందరీ దేవి. సోషల్ వెల్ఫేర్ రెసిడెన్షియల్ స్కూలు టీచరు పోస్టు. సెకండ్ క్లాస్ పీజీ అడిగి, థర్డ్ క్లాస్ ఉన్న వారిని ఎంపిక చేశారు. ఇది ఆ ఇద్దరి మధ్య విషయం కాదు, తమకు అర్హత లేదనుకుని అప్లై చేయకుండా ఊరుకున్న వాళ్లందరినీ మోసం చేయడమే అన్నారు. ఇక్కడా ‘అలైడ్ సబ్జెక్టు చాలు’ అని ముందే రాసి ఉంటే ఇంకెంతమంది అప్లై చేసేవారో! ఈ వాదన జడ్జిలకు చప్పున ఎక్కుతుంది.

గెజిట్_పురుగు

మార్కుల గురించి కూడా ఎవరైనా ఈ థ్రెడ్ వెతుక్కుంటూ వస్తారు, రాసేస్తున్నా. పీజీలో 55 శాతం. ఎస్సీ, ఎస్టీ, నాన్ క్రీమీలేయర్ ఓబీసీ, దివ్యాంగులకు 5 శాతం సడలింపు. 1991 సెప్టెంబరు 19కి ముందు పీజీ చేసిన పీహెచ్‌డీ వాళ్లకూ 5 శాతం. గ్రేస్ మార్కులు కలిపి చూపే 55 చెల్లదు, ఆ మాట రెగ్యులేషన్‌లోనే ఉంది. 54.8ని 55 చేసుకోవడం కూడా కుదరదు. సీజీపీఏ ఉంటే డిగ్రీ ఇచ్చిన యూనివర్సిటీ ఫార్ములాయే వాడాలి. అప్లికేషన్ పోర్టల్‌లో అందరికీ 10తో గుణించి, అసలు ఫార్ములాతో వచ్చేదానికి ఎక్కువో తక్కువో అయి గొడవలు వస్తున్నాయి. మార్కుల మెమో వెనక వైపు చిన్న అక్షరాల్లో ఫార్ములా ఉంటుంది, రెండు వైపులా స్కాన్ చేసి పెట్టండి.

సెట్ గురించి: 2002 జూన్ 1కి ముందు పాసైన సెట్ దేశమంతా చెల్లుతుంది. ఆ తర్వాతవి ఆ రాష్ట్రంలోని యూనివర్సిటీలు, కాలేజీలకే. నెట్‌లో అసిస్టెంట్ ప్రొఫెసర్ అర్హతకు కాలపరిమితి లేదు. 2024 జూన్ నుంచి నెట్‌లో ‘పీహెచ్‌డీ అడ్మిషన్‌కు మాత్రమే’ అన్న కేటగిరీ పెట్టారు. ఆ సర్టిఫికెట్ పట్టుకుని టీచింగ్ పోస్టుకు అప్లై చేస్తే తిరస్కరణ ఖాయం.

లైబ్రరీ_మెట్లు

అసోసియేట్ ప్రొఫెసర్ పోస్టులకు ఏడు పబ్లికేషన్లు ఉంటే చాలు కదా, అక్కడ వివాదాలు తక్కువే అనుకుంటా.

భాస్కర్_కెమిస్ట్రీ

అక్కడే ఎక్కువ. పీహెచ్‌డీ, పీజీలో 55 శాతం, ఎనిమిదేళ్ల అనుభవం, ఏడు పబ్లికేషన్లు, వీటన్నిటితో పాటు రీసెర్చ్ స్కోరు 75. ప్రొఫెసర్‌కు పదేళ్లు, పది పబ్లికేషన్లు, 120.

లెక్క చూడండి. భాషలు, సోషల్ సైన్సెస్‌లో ఒక పేపరుకు 10. ఏడు పేపర్లు ఒంటరిగా రాసినా 70, అంటే 75కి తక్కువే. సైన్సుల్లో ఒక పేపరుకు 8, ఏడుకి 56. ఇంపాక్ట్ ఫ్యాక్టర్ అదనం వేరే. ఇద్దరు రచయితలైతే ఒక్కొక్కరికి 70 శాతమే. ముగ్గురు, ఆపైన ఉంటే మొదటి లేదా కరెస్పాండింగ్ ఆథర్‌కు 70, మిగతా వాళ్లకు తలా 30 శాతం. సైన్సుల్లో ఐదో పేరుగా ఉన్న పేపరుకు బేస్ స్కోరులో వచ్చేది 2.4. దానికి పూర్తి 8 వేసుకుని 80 చూపించిన వాళ్లకు స్క్రూటినీలో 40 కూడా రాకపోవచ్చు.

ఇంకొకటి, ఆరు కేటగిరీల్లో కనీసం మూడింటి నుంచి స్కోరు రావాలి. మొత్తం పేపర్లతోనే 75 దాటించినా ఫెయిలే. గైడ్ చేసిన పీహెచ్‌డీ అవార్డయితే 10, పుస్తకం అంతర్జాతీయ పబ్లిషర్‌ది 12, జాతీయ పబ్లిషర్‌ది 10, పుస్తకంలో అధ్యాయం 5. ఇవి దన్నుగా ఉండాలి.

జర్నళ్ల లిస్టు మరో తలనొప్పి. 2018 మే 2న యూజీసీ తన అప్రూవ్డ్ లిస్టులోంచి 4,305 జర్నళ్లు తీసేసింది. తర్వాత దాని బదులు కేర్ లిస్టు అని యూజీసీ మరో జర్నళ్ల జాబితా తెచ్చింది, 2025 ఫిబ్రవరిలో అదీ ఆపేశారు. పేపర్ అచ్చయిన రోజున ఆ జర్నల్ లిస్టులో ఉందా అన్నదే వాదనకు ఆధారం. అందుకే ఆ రోజు పేజీ ప్రింటు తీసి తేదీతో సహా పెట్టుకోవాలి. ఇప్పుడు వెబ్‌సైటులో వెతికితే పాత లిస్టు దొరకదు.

శ్రుతి_ఎకనామిక్స్

అనుభవంలో పీహెచ్‌డీ కాలం లెక్కపెట్టుకోవచ్చా?

ఎస్టాబ్లిష్‌మెంట్_ఫైలు

3.11 క్లాజు. పీహెచ్‌డీకి పట్టిన కాలం అనుభవం కాదు. సెలవు ఏదీ పెట్టకుండా, పాఠాలు చెబుతూనే చేసిన కాలం మాత్రం లెక్కలోకి వస్తుంది. ఫ్యాకల్టీ డెవలప్‌మెంట్ ప్రోగ్రామ్ కింద వెళ్లి చేసిన మూడేళ్లు? కేరళలో కన్నూర్ యూనివర్సిటీ మలయాళం అసోసియేట్ ప్రొఫెసర్ విషయంలో 2022 నవంబరులో సింగిల్ జడ్జి కుదరదన్నారు, 2023 జూన్‌లో డివిజన్ బెంచ్ ఆ తీర్పును తిప్పేసింది. అంటే చదివే తీరును బట్టి రెండు వైపులా వెళ్తుంది.

కాంట్రాక్ట్, పార్ట్ టైమ్ సర్వీసుకు 10వ క్లాజు చూడండి. రెగ్యులర్ పోస్టుకు ఉండే అర్హతలే అప్పుడూ ఉండాలి, సక్రమంగా ఏర్పడిన సెలక్షన్ కమిటీ ద్వారా వచ్చి ఉండాలి, జీతం రెగ్యులర్ అసిస్టెంట్ ప్రొఫెసర్ గ్రాస్ కంటే తక్కువ ఉండకూడదు. మూడోదాని దగ్గర మన దగ్గర కాంట్రాక్ట్ వాళ్లలో ఎక్కువ మంది దెబ్బతింటారు. ఎక్స్‌పీరియెన్స్ సర్టిఫికెట్‌లో ‘కన్సాలిడేటెడ్ పే’ అని రాసి, అంకె రాయకుండా ఇస్తారు. నియామక ఉత్తర్వు, సెలక్షన్ కమిటీ మినిట్స్ నంబరు, నెలవారీ జీతం మూడూ ఉండేలా అడిగి తీసుకోండి.

విజయనగరం_రీసెర్చర్

చాలా విషయాలు తెలిశాయి, థాంక్స్. ఇప్పుడు ఐదు రోజుల్లో వరుసగా ఏం చేయాలో చెప్తారా?

కేసుకట్ట

మొదటి రోజే అభ్యంతరం పంపండి. మెయిల్‌లో ఒకటి, స్పీడ్ పోస్టులో ఒకటి, వీలైతే ఇన్వర్డ్ సెక్షన్‌లో ఇచ్చి స్టాంపు వేయించుకున్న కాపీ ఒకటి. రెండు పేజీలు దాటనివ్వకండి. పై పేరాలో క్లాజు నంబరు, కింద ఐదు షరతులకు ఐదు పత్రాలు. వేరే అభ్యర్థి పీజీ గురించి ఇదే కాగితంలో కలపొద్దు, దానికి వేరే అభ్యంతరం పెట్టండి. రెండూ కలిపితే మొదటిది అసూయలా కనిపిస్తుంది.

ఆర్‌టీఐ అదే రోజు వేయండి, ఫీజు పది రూపాయలు. అడగాల్సినవి: స్క్రూటినీ కమిటీ మినిట్స్, తిరస్కరణకు రాసిన కారణం, ఈక్వివలెన్స్‌పై తీర్మానం ఉంటే కాపీ, టేబుల్ 3ఏ (ఇంటర్వ్యూకు ఎవరిని పిలవాలో తేల్చే మార్కుల పట్టిక) స్కోరు షీటు. ‘ఫలానా ఆయన సర్టిఫికెట్లు ఇవ్వండి’ అంటే ఆర్‌టీఐ చట్టం సెక్షన్ 8(1)(జె) కింద వ్యక్తిగత సమాచారం అని తిప్పి పంపుతారు. ‘ఫలానా పోస్టుకు అర్హులుగా తేల్చినప్పుడు ఏ ప్రమాణం పాటించారు’ అనే దిశగా అడగండి. సమాధానానికి 30 రోజులు. దానికోసం ఆగి రిట్ ఆలస్యం చేయొద్దు, తర్వాత అదనపు పత్రాలుగా ఫైలు చేసుకోవచ్చు.

అభ్యంతరానికి జవాబు రాకపోయినా, ఇంటర్వ్యూ షెడ్యూలు రాగానే రాజ్యాంగం 226వ అధికరణం కింద రిట్ వేయాలి. మధ్యంతరంగా అడిగేది మొత్తం ప్రక్రియ ఆపమని కాదు, అది దొరకడం కష్టం. ‘ఈ అభ్యర్థిని తాత్కాలికంగా ఇంటర్వ్యూకు అనుమతించండి, ఫలితం రిట్ తుది తీర్పుకు లోబడి ఉంచండి’ అని అడగండి.

లైబ్రరీ_మెట్లు

ఇంటర్వ్యూకు వెళ్తే ఎస్టాపెల్ (ఒప్పుకుని పాల్గొన్నాక తర్వాత ప్రశ్నించకూడదన్న అడ్డంకి) వస్తుందిగా? మదన్‌లాల్ కేసు, 1995.

కేసుకట్ట

మంచి ప్రశ్న. నోరు మూసుకుని ఇంటర్వ్యూకు వెళ్లి, రాకపోయాక ‘పద్ధతే తప్పు’ అంటే మదన్‌లాల్ అడ్డం వస్తుంది. కోర్టు ఉత్తర్వుతోనో, రాతపూర్వక అభ్యంతరం నమోదు చేసో వెళ్తే రాదు. 2019లో మీతా సహాయ్ వర్సెస్ బీహార్‌లో ఇంకొంచెం సడలించారు: పద్ధతికి ఒప్పుకున్నంత మాత్రాన అందులోని చట్టవిరుద్ధతకు ఒప్పుకున్నట్టు కాదు, రూల్‌ను తప్పుగా చదివారని అది బయటపడ్డాకనే కదా తెలిసేది అని. అది మెడికల్ ఆఫీసర్ల అనుభవం మార్కుల కేసు.

మధ్యలో పద్ధతి మార్చడం వేరే రకం. కె.మంజుశ్రీ వర్సెస్ ఆంధ్రప్రదేశ్, 2008, జిల్లా జడ్జీల ఎంపికది. ఆట మొదలయ్యాక రూల్ మార్చకూడదన్నారు, 2024 నవంబరు 7న తేజ్ ప్రకాశ్ పాఠక్‌లో రాజ్యాంగ ధర్మాసనం దాన్ని ఖాయం చేసింది. టేబుల్ 3ఏ కేవలం ఇంటర్వ్యూకు పిలవడానికే, తుది ఎంపిక ఇంటర్వ్యూ మీదే అని 2018 రెగ్యులేషన్. రాష్ట్రం తన జీవోలో వెయిటేజీ మార్చి ఉంటే అది నోటిఫికేషన్‌కు ముందే వచ్చిందా, తర్వాతా చూసుకోండి.

ఎంపిక జాబితా వచ్చేస్తే ఆ ఎంపికైన వ్యక్తిని పార్టీగా చేర్చాలి. చేర్చకుండా నియామకం కొట్టేయమంటే ప్రబోధ్ వర్మ, 1984, చూపించి రిట్ డిస్మిస్ చేస్తారు.

గెజిట్_పురుగు

నియామకం అయిపోయి మూడు నాలుగేళ్లు గడిచిన కేసుల సంగతేంటి? ప్రొబేషన్ కూడా డిక్లేర్ అయి ఉంటుంది.

కేసుకట్ట

పోటీలో ఉన్న అభ్యర్థి అన్నేళ్లు ఊరుకుంటే జాప్యం కింద పోతుంది. అప్లై చేయని మూడో వ్యక్తి సర్వీసు విషయంలో పిల్ (ప్రజాప్రయోజన వ్యాజ్యం) వేయలేడు, దుర్యోధన్ సాహు, 1998. మిగిలింది కో వారంటో (ఏ అర్హతతో ఈ పదవిలో ఉన్నారని ప్రశ్నించే రిట్) ఒక్కటే, అది కూడా చట్టబద్ధమైన అర్హత లేదని తేటతెల్లంగా చూపగలిగితేనే.

కనీస అర్హతే లేని నియామకాన్ని మాత్రం కాలం బాగుచేయదు. మమతా మొహంతీ, 2011, ఒడిశా లెక్చరర్ కేసు. 55 శాతం లేకుండా నియమించారు, తర్వాత ఏళ్ల తరబడి సర్వీసు చేశారు, అయినా ఆ నియామకం చెల్లదనే అన్నారు. ప్రమోద్ కుమార్, 2008, గుర్తింపు లేని సంస్థ నుంచి బీఎడ్, అదీ అంతే. క్రమరాహిత్యాన్ని సరిదిద్దొచ్చు, అర్హత లేకపోవడాన్ని సరిదిద్దలేరు. కాబట్టి ప్యానెల్ సంతకాల్లో ఒకటి తక్కువైంది అనే కేసును ఐదేళ్ల తర్వాత తెస్తే నవ్వుతారు, పీజీ సబ్జెక్టే వేరు అనే కేసును వింటారు.

విజయనగరం_రీసెర్చర్

నోటిఫికేషన్ మళ్లీ చూశాను. ‘జతచేయని అప్లికేషన్లు తిరస్కరించబడతాయి’ అన్న వాక్యం లేదు. ‘వెరిఫికేషన్ సమయంలో ఒరిజినల్స్’ అని ఉంది. తిరస్కరణలో క్లాజు నంబరు ఏమీ లేదు.

కేసుకట్ట

అయితే అభ్యంతరంలో మొదటి వాక్యం అదే రాయండి: తిరస్కరణకు ఏ క్లాజూ చూపలేదు. కారణం లేని ఉత్తర్వును యూనివర్సిటీ కౌంటర్ అఫిడవిట్‌లో కొత్త కారణాలతో కాపాడుకోలేదు, దానికి మొహీందర్ సింగ్ గిల్, 1978, చాలు. సింగిల్ జడ్జి దగ్గర అనుకూలంగా రాకపోతే రిట్ అప్పీలుకు 30 రోజులు, ఆ తేదీ మీ లాయర్ డైరీలో కాక మీ దగ్గర కూడా రాసుకోండి.

ఎస్టాబ్లిష్‌మెంట్_ఫైలు

స్పీడ్ పోస్టు కవరు మీద నోటిఫికేషన్ నంబరు, పోస్టు కోడు, అప్లికేషన్ నంబరు పెద్దగా రాయండి. అవి లేకపోతే జనరల్ టపాలో పడి రిక్రూట్‌మెంట్ సెల్‌కు చేరేసరికి ఐదు రోజులూ అయిపోతాయి.